సముద్రం విడిచి సాగర్‌కు వచ్చినవాళ్ళు

మిర్యాలగూడలో నలుగురు ఆడవాళ్ళం కలిస్తే మాట బియ్యం దగ్గరికి రాక తప్పదు. ఊరి చుట్టూ మిల్లులే కదా. ఏ మిల్లు బియ్యం మంచివి, కొత్త బియ్యం ఎన్నాళ్ళు నిలవ ఉంచితే అన్నం ముద్ద కాకుండా వస్తుంది, ఈసారి వడ్ల రేటు ఎంత, ఇవన్నీ మాకు కంఠతా వచ్చు. ఆ వడ్లు ఏ నీళ్ళతో పండాయి అని అడిగితే "సాగర్ నీళ్ళు" అని ఠక్కున చెప్తాం. అక్కడితో ఆపేస్తాం. కాలువలోకి రాకముందు ఆ నీళ్ళు ఎక్కడ నిలబడి ఉంటాయి, వాటి ఒడ్డున ఎవరు కాపురాలు చేస్తున్నారు, వాటి అడుగున ఏముంది అన్నది మన వంటింటి మాటల్లోకి రాదు. ఈసారి దాని గురించే రాద్దామనిపించింది.

నేను పుట్టింది కోదాడలో, డిగ్రీలో తెలుగు చదివింది సూర్యాపేటలో, కాపురం మిర్యాలగూడలో. సూర్యాపేట పక్కన మూసీ ఉంది, పైనుంచి శ్రీరాంసాగర్ కాలువ వస్తుంది. కోదాడ, మిర్యాలగూడ మాత్రం సాగర్ ఎడమ కాలువను నమ్ముకున్న ఊళ్ళు. ఆ కాలువకు లాల్ బహదూర్ శాస్త్రి పేరు పెట్టారు. కుడి కాలువకు జవహర్‌లాల్ నెహ్రూ పేరు. "కాలువ వదిలిండ్రట" అన్న మాట నా చిన్నప్పుడు మా ఇంట్లో పండగ కబురులాగా వినపడేది. అంటే నేను తిన్న అన్నంలో చాలా మటుకు ఒక్క చోటి నీళ్ళదే.

మా పాప ఇంజనీరింగ్ మూడో సంవత్సరం. ఇటలీలో వెనిస్ దగ్గర బురానో అనే దీవి ఉందని, జాలర్ల ఊరని ఫోనులో ఫోటోలు చూపించింది. ఒక ఇల్లు గులాబీ, పక్కది పసుపు, ఆ పక్కది నీలం. పొగమంచులో చేపలు పట్టి తిరిగొచ్చే మగవాళ్ళు తమ ఇల్లు గుర్తుపట్టడానికే ఆ రంగులు వేశారని అక్కడివాళ్ళు చెప్పుకుంటారట. ఆడవాళ్ళు లేసు అల్లడంలో వందల ఏళ్ళుగా పేరున్నవాళ్ళు. 1872లో అక్కడ లేసు నేర్పే బడి కూడా పెట్టారు. మన నర్సాపురం లేసు గుర్తొచ్చింది నాకు. ఊరంతా నడిపించి కథ చెప్పే గైడులు, వెనక టోపీలు పెట్టుకున్న టూరిస్టులు. "ఇలాంటి ఊరు మనకూ ఉంటే బాగుండు" అంది పాప. ఉంది, మనకు దగ్గర్లోనే ఉంది అన్నాను. సంక్రాంతి పోయిన తర్వాత ఒక ఆదివారం మా ఆయన, అత్తమ్మ, పాప, నేను దేవరకొండ మీదుగా నేరేడుగొమ్ము దారి పట్టాం.

ఆ ఊరి పేరు వైజాగ్ కాలనీ. నల్లగొండ జిల్లా నేరేడుగొమ్ము మండలంలో, సాగర్ వెనక జలాల ఒడ్డున ఉంటుంది. సముద్రానికి ఇంత దూరంలో, గుట్టల మధ్య, వైజాగ్ పేరుతో ఊరేమిటని మొదటిసారి విన్నవాళ్ళు నవ్వుతారు. పేరులోనే దాని చరిత్ర అంతా ఉంది. సాగర్ కట్టే రోజుల్లో విశాఖపట్నం వైపు నుంచి వచ్చిన జాలరి కుటుంబాలు ఇక్కడ నిలబడిపోయాయి. ఇప్పుడు ఆదివారం వస్తే హైదరాబాద్ కార్లు వరసగా దిగుతాయి. పడవ ఎక్కి, చేపల వేపుడు తిని, ఫోటోలు దిగి సాయంత్రానికి వెళ్ళిపోతారు.

మాకు ఊరు చూపించింది ఒక అక్క. యాభై దాటి ఉంటాయి. ఆమె భర్త పడవ నడుపుతాడు. వేపుడు పొయ్యి ఆమెది. "పడవ తర్వాత ఎక్కుతాం, ముందు ఊరు చూపిస్తావా అక్కా, ఎంతైతే అంత ఇస్తాం" అని అడిగితే వింతగా చూసింది. "ఊళ్ళో ఏటుందమ్మా సూడ్డానికి?" అంది. పేరు రాయొద్దంది, అందుకని అక్క అనే రాస్తున్నాను.

ఆ "ఏటి" దగ్గరే నేను ఆగిపోయాను. మా వైపు ఏటి అంటే ఏరుకు సంబంధించినది, ఏటి గట్టు, ఏటి నీళ్ళు. వాళ్ళ వైపు ఏటి అంటే ఏమిటి అని. ఏటి ఒడ్డున నిలబడి "ఏటి" అంటుంటే పాపకు, నాకు నవ్వాగలేదు. అక్క కూడా నవ్వి ఒక సంగతి చెప్పింది. వాళ్ళ అత్త చివరిదాకా "ఏటి" అనేదట. తనకు "ఏటి", "ఏంటి" రెండూ వస్తాయి. ఇక్కడి బడికి పోయిన మనవడు మాత్రం "ఏంది" అంటాడట. ఒక కుటుంబం సముద్రం నుంచి గుట్టల్లోకి ఎంత దూరం వచ్చిందో కొలవడానికి ఆ మూడు మాటలు చాలు అనిపించింది.

ముందు ఒడ్డుకు తీసుకుపోయింది. పడవలు నీళ్ళలో కొన్ని, బురదలోకి లాగి పెట్టినవి కొన్ని. నీలం, ఆకుపచ్చ, కాషాయం రంగులు. కొన్నిటి మీద పిల్లల పేర్లు, కొన్నిటి మీద దేవుళ్ళ పేర్లు. పక్కనే ఒకటి రెండు పుట్టిలు బోర్లించి ఉన్నాయి. పుట్టి అంటే మీకు తెలిసే ఉంటుంది, గుండ్రంగా పెద్ద బుట్టలాగా ఉంటుంది. కృష్ణ మీద పాతకాలం నుంచి ఉన్నది ఈ పుట్టే. విశాఖ తీరంలో దుంగలు కట్టిన తెప్ప మీద అలలు దాటేవాళ్ళు. తెప్ప మీద పెరిగినవాళ్ళు పుట్టి ఎక్కాల్సి వచ్చిందన్నమాట. "మా మావగారు మొదట్లో పుట్టి ఎక్కితే అది గిర్రున తిరిగీదట, నవ్వుకునీవోరు" అని అక్క చెప్పింది. తర్వాత పొడుగు పడవలు చేయించుకున్నారు.

సముద్రపు జాలర్లు మంచినీటికి ఎందుకు వచ్చారు అన్నది నన్ను తొలిచిన ప్రశ్న. దానికి జవాబు డ్యాములో ఉంది. నాగార్జునసాగర్‌కు 1955 డిసెంబర్ 10న నెహ్రూ శంకుస్థాపన చేశారు. 1967 ఆగస్టు 4న ఇందిరా గాంధీ కాలువలకు నీళ్ళు వదిలారు. రాతితో కట్టిన డ్యాముల్లో ప్రపంచంలోనే పెద్దవాటిలో ఒకటి, ఎత్తు సుమారు 124 మీటర్లు, గేట్లు 26. అంత గోడ అడ్డం పెడితే వెనక ఎంత నీరు నిలుస్తుందో ఆలోచించండి. మన ఊళ్ళలో చేపలు పట్టేవాళ్ళకు చెరువు తెలుసు, కుంట తెలుసు, వేసవిలో మోకాలి లోతు పారే నది తెలుసు. గుట్టలు మునిగేంత లోతు, కనుచూపు మేర వెడల్పు కొత్తవి. లోతు నీళ్ళలో వల కట్టడం, చీకట్లో పడవ నడపడం తెలిసినవాళ్ళకు ఇక్కడ పని దొరకడంలో వింత లేదు. సాగరం అనే పేరు పెట్టినందుకు నిజంగానే సముద్రం మనుషులు వచ్చారు. పురాణంలో సగరుడి కొడుకులు భూమిని తవ్వితే సముద్రానికి సాగరం అన్న పేరు వచ్చిందంటారు. ఇక్కడా మనుషులు రాళ్ళు మోసి చేసిన సాగరమే.

ఉత్తరాంధ్ర జాలర్లకు ఊరు విడవడం కొత్త కాదు. ఒడిశాలో పూరీ వెళ్ళినవాళ్ళు చూసే ఉంటారు, సముద్రపొడ్డున పెంటకోట అనే జాలర్ల పేటలో తెలుగు వినిపిస్తుంది. అదే పేరుతో పాయకరావుపేట దగ్గర ఒక తీరపు ఊరు ఉంది. శ్రీకాకుళం, విజయనగరం జిల్లాల నుంచి గుజరాత్‌లోని వెరావల్‌కు ఏటా మగవాళ్ళు పడవల మీద కూలికి పోతారు. అలా పోయి 2018లో పాకిస్తాన్‌కు చిక్కినవాళ్ళు 2020 జనవరిలో గాని ఇల్లు చేరలేదు. అన్ని నెలలు ఇక్కడ పొయ్యి ఎలా వెలిగించారో ఆ ఇంటి ఆడవాళ్ళకే తెలియాలి. వాళ్ళతో పోలిస్తే మావాళ్ళు భార్యాపిల్లలతో సహా వచ్చారు, అది నయం అంది అక్క.

ఒడ్డు నుంచి సందులోకి నడిపించింది. చిన్న ఇళ్ళు, కొన్ని రేకులవి, కొన్ని స్లాబు వేసినవి. ఒక తలుపు ముదురు నీలం, పక్కింటి కిటికీలు ఆకుపచ్చ, ఎదురింటి గోడ సగం కాషాయం. పాప ఫోను తీసి "బురానో!" అంది. ఎవరు రంగులు ఎంచారని అడిగితే అక్క తేలిగ్గా చెప్పేసింది. పడవకు రంగు వేయగా డబ్బాలో మిగిలింది తలుపుకు వేస్తారట. పడవ రంగు చూసి ఇల్లు చెప్పొచ్చు, ఇల్లు చూసి పడవ చెప్పొచ్చు. మిగిలినదాన్ని పారేయకుండా వాడుకోవడమే ఆ అందానికి కారణం. నిన్నటి అన్నంతో పులిహోర కలిపే ఇల్లాలికి ఆ లెక్క అర్థమవుతుంది.

అరుగుల మీద వలలు ఆరేసి ఉన్నాయి. ఒక ముసలాయన చిరిగిన చోట ముడులు వేస్తున్నాడు. చేత్తో విసిరే వల వేరు, సాయంత్రం నీళ్ళలో గోడలాగా నిలబెట్టి తెల్లారి ఎత్తుకొచ్చే వల వేరు. కన్ను ఎంత పెద్దదో చూస్తే ఏ చేప కోసమో తెలుస్తుంది. మా అత్తమ్మకు చేపలంటే ప్రాణం. బొచ్చె, రవ్వ, జెల్ల, కొర్రమట్ట అని బుట్టలో చూపించి మరీ పేర్లు చెప్పింది. ముళ్ళు తక్కువని మనం ఎగబడి కొనే కొర్రమట్ట తెలంగాణ రాష్ట్ర చేప. "సముద్రపు చేప రుచి దీనికి ఉందా?" అని అత్తమ్మ అడిగింది. అక్క కాసేపు ఆలోచించి, "నేనిక్కడే పుట్టినానమ్మా, ఆ రుచి నాకు తెల్దు. మాయత్త మాత్రం ప్రతి కూరలోనూ ఉప్పు సాల్లేదనీది" అంది. మా అత్తమ్మ ఏమీ అనలేదు. ఆమె కూడా పెళ్ళై మూసీ ఒడ్డు ఊరు విడిచి వచ్చిన మనిషే.

సందు చివర గంగమ్మకు చిన్న గద్దె ఉంది. పసుపు, కుంకుమ, ఎండిన బంతిపూలు. సముద్రపొడ్డున మొక్కిన తల్లికే ఇక్కడా మొక్కుతున్నారు. నీళ్ళు మారాయి, తల్లి మారలేదు. కొత్త పడవ దింపితే మొదట ఇక్కడికే వస్తారట. ఆ పక్కనే తూకం, ఐసు పెట్టెలు. తెల్లారగట్ల వచ్చే చేప ఇక్కడే కాటా ఎక్కుతుంది. పట్టేది మగవాళ్ళు, కడిగి, కోసి, వేయించి, బేరమాడి డబ్బు లెక్క చూసేది ఆడవాళ్ళు. ఏ వారం ఎంత వచ్చింది, ఎవరికి ఎంత బాకీ, అక్కకు వేళ్ళ మీద ఉంది.

అక్కడే నాకు అసలు సంగతి తెలిసింది. గద్దె ముందు నిలబడి కిందికి చూస్తే నీళ్ళు చాలా దూరంలో ఉన్నాయి, మధ్యలో ఎండిన బురద. "ఇక్కడిదాకా వస్తాయా నీళ్ళు?" అంటే, "ఆ రాయి దాకా వస్తాయి. మీకు కాలవ వదిల్తే మాకు ఒడ్డు దూరమైపోతాది" అంది. ఆ మాటలో నిష్ఠూరం లేదు, ఉన్నది ఉన్నట్టు చెప్పింది. సాగర్ నిండుమట్టం 590 అడుగులు. వాడకానికి కనీస మట్టం 510 అడుగులు. ఆ రెండింటి మధ్య 80 అడుగుల నీళ్ళు ఎక్కుతూ దిగుతూ ఉంటే, వీళ్ళ ఒడ్డు కూడా ఎక్కుతూ దిగుతూ ఉంటుంది. వానాకాలం పంటకు, యాసంగికి మా వైపు తూములు ఎత్తినప్పుడల్లా వీళ్ళు పడవలు ఇంకాస్త కిందికి ఈడ్చుకోవాలి, వలలు, చేపల బుట్టలు ఇంకాస్త దూరం మోసుకోవాలి. నీళ్ళు తగ్గితే చేప ఒకచోట చేరి దొరుకుతుందట, ఆ లాభమూ ఉంది. వానలు సరిగా లేని ఏడు మాత్రం మాకూ వాళ్ళకూ ఒకటే ఏడుపు. కోదాడలో "కాలువ వదిలిండ్రట" అని మా నాన్న సంబరపడిన రోజున ఇక్కడ ఎవరో పడవ ఈడ్చుకుంటూ ఉండి ఉంటారు. ఒకే నీటికి రెండు కొసలు. ఆ రెండో కొసను నేను చూడటం ఇదే మొదలు.

ఆ తర్వాత పడవ ఎక్కాం. అక్క భర్త ఇంజను వేశాడు, అక్క మాతోపాటే కూర్చుంది. "సముద్రానికి అలుంటాది, కనబడతాది. దీనికి గాలుంటాది, కనబడదు. అందుకే దీన్ని తక్కువ సెయ్యకూడదు" అని పిల్లకు లైఫ్ జాకెట్ తాళ్ళు గట్టిగా కట్టింది. దూరంగా ఒక గట్టు చూపించింది. ఏలేశ్వరం గట్టు. మల్లన్న గుడి ఉంది, పడవలోనే పోవాలి.

శ్రీశైలానికి నాలుగు దిక్కులా నాలుగు ద్వారాలు, మూలలకు నాలుగు ఉపద్వారాలు అని మనవాళ్ళు చెప్తారు. ఈశాన్యపు ఉపద్వారం ఏలేశ్వరం. ఒకప్పుడు యాత్రికులు ఇక్కడ కృష్ణలో మునిగి శ్రీశైలం దారి పట్టేవాళ్ళు. డ్యాము కట్టేటప్పుడు ఊరు మునుగుతుందని తెలిసి, 1960 తర్వాత రాష్ట్ర పురావస్తు శాఖ తరఫున అబ్దుల్ వహీద్ ఖాన్ అక్కడ తవ్వకాలు జరిపించారు. పెద్ద రాళ్ళు పేర్చిన పాతకాలపు సమాధుల నుంచి శాతవాహన, ఇక్ష్వాకుల కాలం దాకా ఆనవాళ్ళు దొరికాయి. తర్వాత నీళ్ళు వచ్చాయి. ఇప్పుడు మేం పోతున్న పడవ కింద ఎక్కడో ఆ ఊరి వీధులు ఉన్నాయి.

ఇంకా కిందికి, డ్యాము వైపు ఉన్నది మీలో చాలామంది లాంచీలో వెళ్ళొచ్చిన నాగార్జునకొండ. దాన్ని దీవి అంటాం గానీ అది పుట్టుకతో దీవి కాదు. చుట్టూ లోయ, ఆ లోయలో 3వ శతాబ్దపు విజయపురి, ఇక్ష్వాకుల రాజధాని. మన కాలానికి అక్కడ పుల్లారెడ్డిగూడెం అనే ఊరు. 1926లో సూరపరాజు వెంకటరామయ్య అనే బడిపంతులు ఒక పాత స్తంభం చూసి పైవాళ్ళకు తెలియజేశారు. అప్పటి నుంచి తవ్వకాలు మొదలయ్యాయి. 1927 నుంచి 1931 దాకా లాంగ్‌హర్స్ట్, 1938లో టి.ఎన్. రామచంద్రన్, డ్యాము ఖాయమయ్యాక 1954 నుంచి 1960 దాకా ఆర్. సుబ్రహ్మణ్యం తవ్వించారు. తీయగలిగినవి తీసి, కొన్ని కట్టడాలను రాయి రాయిగా విప్పి కొండ మీదికి, మరికొన్నిటిని ఒడ్డున ఉన్న అనుపుకు మార్చారు. ఆ కొండ పైభాగమే నీళ్ళు వచ్చాక దీవి అయింది.

అక్కకు ఆ రాజుల కథ కొంచెం చెప్పాను, ఆడవాళ్ళు వినదగ్గ కథ కనుక. ఆ రాజులు తమ పేరు ముందు తల్లి గోత్రం చెప్పుకున్నారు. వాసిష్ఠీపుత్ర శాంతమూలుడు, అతని కొడుకు మాఠరీపుత్ర వీరపురుషదత్తుడు. వీరపురుషదత్తుడి భార్యల్లో కొందరు అతని మేనత్త కూతుళ్ళే. మన మేనరికాలకు రాతి మీద సాక్ష్యం అది. మేనత్త శాంతిసిరి మహాచైత్యం కట్టించింది. బోధిసిరి అనే గృహస్థురాలు సింహళం నుంచి వచ్చిన బౌద్ధ గురువుల కోసం చైత్యం కట్టించింది. శాంతమూలుడు అశ్వమేధం చేస్తే ఇంటి ఆడవాళ్ళు బుద్ధుడికి గుళ్ళు కట్టారు. అక్క అంతా విని, "అయితే అప్పుడూ ఎక్కడెక్కడోలో ఇక్కడికొచ్చీవోరన్నమాట" అంది. చరిత్ర పుస్తకాలు చదివిన నాకు ఆ మాట తట్టలేదు. సింహళం నుంచి భిక్షువులు, యాత్రకు వచ్చిన శైవులు, విశాఖ నుంచి జాలర్లు. వచ్చినవాళ్ళతోనే ఈ చోటు నిండింది. పోవాల్సి వచ్చినవాళ్ళూ ఉన్నారు. పుల్లారెడ్డిగూడెం, ఏలేశ్వరం వాళ్ళు మూటాముల్లె కట్టుకుని పోయారు. రాళ్ళకు మ్యూజియం కట్టాం. ఆ ఇళ్ళ పొయ్యిరాళ్ళు ఏమయ్యాయో ఏ పలకా చెప్పదు.

తిరిగి వచ్చేటప్పుడు పాప "అమ్మా, డ్యాము కట్టకుండా ఉండాల్సిందంటావా?" అని అడిగింది. అలా అనలేను. మా పుట్టింట్లో అప్పు తీరింది ఆ నీళ్ళతో. నా పెళ్ళి, నా డిగ్రీ అన్నీ ఆ నీళ్ళవే. అక్క ఇల్లు కూడా ఆ నీళ్ళదే. కానీ ఒకరికి మేలు జరిగిన చోట ఇంకొకరు ఏం ఇచ్చుకున్నారో తెలుసుకోవడం మన బాధ్యత. ఇంట్లో అయినా అంతే కదా. ఒకళ్ళు సర్దుకుంటేనే ఇంకొకళ్ళ చదువు సాగుతుంది. ఆ సర్దుకున్న మనిషి ఎవరో పిల్లలకు తెలిసి ఉండాలి.

మీరూ వెళ్ళాలనుకుంటే పొద్దున్నే వెళ్ళండి, వలలు ఎత్తి తెచ్చే వేళకు ఉంటే చేపలు చూడొచ్చు. లైఫ్ జాకెట్ లేకుండా పడవ ఎక్కకండి. ప్లాస్టిక్ ప్లేట్లు, సీసాలు నీళ్ళలో పడేయకండి, అవే రేపు వలల్లో పడతాయి. వేపుడు తినే ముందు ఒక గంట ఊరు నడవండి. చూపించినవాళ్ళకు పడవ కిరాయికి ఇచ్చినట్టే డబ్బులివ్వండి, అదీ పనే. మేం ఇస్తే అక్క మొదట వద్దంది. "మాటలకు డబ్బులేటమ్మా" అంది. మా అత్తమ్మ ఆమె చేతిలో పెట్టి, పెద్దదానిలాగా గుప్పిలి మూసింది. తర్వాత ఇద్దరూ పొయ్యి దగ్గర కూర్చుని పులుసులోకి చింతపండు ఎంత వేయాలన్న దాని మీద చాలాసేపు వాదించుకున్నారు.